మార్పుకు ముందు మూలశుద్ధి

ఒక గ్రంథాన్ని ఉన్నదున్నట్టు భద్రపరచదలచినవారికన్న, అందులో ఒక్క అక్షరమైనా మార్చదలచినవారే దాని మూలరూపాన్ని ఎక్కువ నిష్ఠతో ఎరిగి ఉండాలన్న నియమం, తాళపత్రాల మధ్య ఆయుర్దాయం గడిపిన మా తరానికి గురుముఖతః సంక్రమించిన ప్రథమ పాఠం. ఆ నియమాన్నే, తాటాకును ఎన్నడూ స్పృశించని ఒక నూతన వాఙ్మయానికి, అనగా అరచేతిలో ఇమిడే ఆటపరికరాల కార్ట్రిడ్జిలలో నిక్షిప్తమై ఉండి, అభిమానుల చేతులలో కొత్త కథలుగానూ, ఇతర భాషలలోకి అనువాదాలుగానూ రూపాంతరం చెందుతున్న రోమ్ ఫైళ్లకు అన్వయించి, జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల పట్టణాలకు చెందిన ముగ్గురు యువమిత్రులు ఈ చేతిపుస్తకాన్ని కూర్చారు. దీనికి పీఠిక రాయవలసిందని వారు కోరినప్పుడు, పాఠపరిష్కరణమనే మన ప్రాచీన విద్య కొత్త చేతులలో చేరిందన్న తృప్తి నాకు కలిగింది. చదువరులు కొంతసేపు నా పక్కన కూర్చుంటే, ఈ గ్రంథం ఏ వంశానికి చెందినదో, ఇందులో ఎంతటి శ్రమ ఇమిడి ఉన్నదో వివరించి, ఆపై పుస్తకాన్ని వారి చేతికి అప్పగిస్తాను.

ముందుగా వంశం. ఈ మూడు పట్టణాల చుట్టూ ఉన్న నేల అక్షరాన్ని పరీక్షించి స్వీకరించడం నేర్చిన నేల. సిరిసిల్లకు సమీపాన వేములవాడ ఉన్నది. దానిని ఏలిన చాళుక్యుల ఆస్థానంలో కన్నడ ఆదికవి పంపడు కావ్యరచన చేశాడు. ఆ పంపని సోదరుడు జినవల్లభుడు గంగాధర మండలంలోని కురిక్యాల దగ్గర, బొమ్మలమ్మ గుట్ట మీద క్రీ.శ. 945 ప్రాంతంలో సంస్కృత, కన్నడ, తెలుగు భాషలు మూడింటిలోనూ శాసనం చెక్కించాడు. అందులోని తెలుగు కందపద్యాలు మన ఛందస్సు ప్రాచీనతకు సాక్షులుగా నేటికీ నిలిచి ఉన్నాయి. ఆ ప్రాంతంతోనే ముడిపడిన 'కవిజనాశ్రయం' అనే ఛందోగ్రంథం మల్లియ రేచనదా, వేములవాడ భీమకవిదా అన్న మీమాంసలో మన పెద్దలు ఎన్ని పత్రాలు తిరగవేశారో, ఎన్ని ప్రతులు పోల్చిచూశారో సాహిత్య చరిత్ర చదివినవారికి తెలుసు. ఇక జగిత్యాలకూ కోరుట్లకూ అందుబాటులోనే గోదావరీతీరాన ధర్మపురి ఉన్నది, తరతరాల వేదాధ్యయనానికి నెలవుగా.

ధర్మపురిని ఇక్కడ స్మరించడానికి కారణం ఉన్నది. రాతప్రతి ఆధారం లేకుండా, ఒక్క స్వరమైనా జారకుండా వేదాన్ని వేల సంవత్సరాలు నిలబెట్టిన ఉపాయం ఏమిటి? పదపాఠం, క్రమపాఠం, జట, ఘన అనే వికృతి పాఠాలలో అవే పదాలను ముందుకూ వెనుకకూ తిప్పి తిప్పి వల్లించడం వలన, ఒకచోట దొర్లిన తప్పు మరొకచోట తానై బయటపడుతుంది. అంతటితో ఆగక, అనుక్రమణికలను కూర్చిన పూర్వులు ఋగ్వేదంలోని పదాలు 1,53,826 అనీ, అక్షరాలు 4,32,000 అనీ లెక్క కట్టి పెట్టారు. గ్రంథాన్ని చదవనక్కరలేకుండానే, దాని మొత్తపు లెక్క ఒకటి వేరుగా పెట్టుకొని, చేతికి వచ్చిన ప్రతిని ఆ లెక్కతో సరిచూసే ఆలోచన మనకు కొత్తది కాదు. ఈ పుస్తకం అడుగడుగునా ప్రస్తావించే చెక్‌సమ్, హ్యాష్ అనే ప్రక్రియలకు మూలసూత్రం ఇదే.

మన పద్యానికి ఇంకొక రక్ష ఉన్నది. లేఖకుడు ఒక అక్షరం వదిలితే గణం చెడుతుంది, ఒక అక్షరం మార్చితే యతియో ప్రాసయో తప్పుతుంది. అందువలన కందపద్యంలోని దోషాన్ని పండితుడు మూలప్రతి లేకుండానే పసిగట్టగలడు. పందొమ్మిదో శతాబ్దంలో సి.పి. బ్రౌను కడపలో పండితులను కూర్చోబెట్టి, ఒక్కొక్క కావ్యానికి దొరికిన ప్రతులన్నీ సేకరించి, పాఠాంతరాలు గుర్తించి శుద్ధప్రతులు రాయించినప్పుడు, ఆ పండితులకు ఛందస్సే మొదటి సహాయకారి. ఆటల రోమ్ ఫైలుకు ఇటువంటి ఛందస్సు లేదు. అది కేవలం అంకెల వరుస. ఒక అంకె చెడినంత మాత్రాన ఎక్కడా యతిభంగం వినిపించదు. ఆ లోటును పూరించడానికే గణితజ్ఞులు బయటినుంచి ఒక ముద్రను కల్పించవలసి వచ్చింది. ఈ సంగతిని గ్రంథకర్తలు తొలి అధ్యాయంలోనే ఎంతో స్పష్టంగా నిరూపించారు.

ఇక ఆ నూతన వాఙ్మయ పరిచయం కొంత అవసరం. జపానులోని నింటెండో సంస్థ, గున్‌పేయి యొకోయి ఆధ్వర్యవంలో రూపొందిన గేమ్ బాయ్ పరికరాన్ని 1989 ఏప్రిల్‌లో విడుదల చేసింది. 2001లో గేమ్ బాయ్ అడ్వాన్స్, 2004లో డీఎస్ వచ్చాయి. ఈ ప్రాంతంలో గల్ఫ్ బాట పట్టని వాడ అరుదు గనుక, సెలవుల మీద ఇంటికి వచ్చే తండ్రుల, మేనమామల పెట్టెలలో టేపురికార్డర్ల తరువాతి తరంలో ఇటువంటి పరికరాలు కూడా మన ఊళ్లకు చేరడం సహజం. వీటి ఆటలు మాస్క్ రోమ్ అనే చిప్పులో ఉంటాయి. తయారీవేళనే అక్షరాలు శాశ్వతంగా చెక్కబడి, తరువాత ఎవరూ తుడిపి రాయడానికి వీలులేని చిప్పు అది. శాసనపు రాయి ఎంత స్థిరమో ఇదీ అంతే స్థిరం. మారేది, చెడేది, కలుషితమయ్యేది దాని నుంచి తీసిన నకలు మాత్రమే. శాసన పరిశోధకులు శిల మీద కాగితం అద్ది అచ్చు తీసినట్టే, కార్ట్రిడ్జి చదివే చిన్న యంత్రంతో దాని లోపలి అంకెలన్నింటినీ ఫైలుగా తీసుకోవడాన్ని ఈ విద్యలోనివారు డంప్ చేయడం అంటారు.

ఇప్పుడు అసలు సమస్య. అభిమానులు రచించే మార్పులు సంపూర్ణ గ్రంథాలుగా చేతులు మారవు, మారరాదు కూడా. మూలానికీ మార్పుకూ నడుమ ఉన్న భేదాన్ని మాత్రమే ఒక చిన్న ఫైలుగా, ప్యాచ్ అనే పేరుతో పంచుకుంటారు. 'ఇన్నవ స్థానంలో ఉన్న అంకె తీసి ఈ అంకె పెట్టు' అనే ఆదేశాల పరంపర అది. దానిని ఏ మూలాన్ని ముందు పెట్టుకొని రచించారో సరిగ్గా ఆ మూలానికే వర్తింపజేయాలి. పేరు ఒకటే అయి కూర్పు వేరైన మరొక ప్రతికి వర్తింపజేస్తే, స్థానాలు తప్పి, ఆట తెల్లతెరతో నిలిచిపోవచ్చు. అంతకన్న ప్రమాదకరంగా, కొంత దూరం చక్కగా నడిచి, నడిమధ్యలో విరిగిపోవచ్చు. సిరిసిల్లలో సాంచెల మీద బతికేవారికి ఈ మాట వివరించి చెప్పనక్కరలేదు: ఒక భీముకు లెక్కగట్టిన డిజైనును, పోగుల లెక్క వేరైన మరొక భీము మీద నడిపితే బట్ట నేయబడుతూనే ఉంటుంది గాని పువ్వు చెదిరిపోతుంది.

కూర్పులలో భేదం ఎంత సూక్ష్మమో తెలియడానికి గ్రంథకర్తలు ఎన్నుకున్న ఉదాహరణ సర్వజనవిదితమైన పోకెమాన్ ఫైర్‌రెడ్. 2004 జనవరిలో జపానులోనూ, అదే సంవత్సరం సెప్టెంబరులో అమెరికాలోనూ వెలువడిన ఈ ఆటకు ఆంగ్లంలోనే 1.0, 1.1 అనే రెండు కూర్పులు ఉన్నాయి. రెండింటి పరిమాణమూ ఒక్కటే: 1,67,77,216 బైట్లు. రెండింటి ముఖపత్రంలోని సంకేతనామమూ ఒక్కటే: బీపీఆర్ఈ. ఆడేవాడి కంటికి రెండింటి నడుమ తేడా కనిపించదు. అయినా మార్పులు రచించే లోకం బహుళంగా 1.0నే ఆధారం చేసుకున్నది కాబట్టి, 1.1ని చేతపట్టుకొని వచ్చినవాడికి అడుగడుగునా విఘ్నమే. సీఆర్‌సీ-32 అనే లెక్క కట్టి చూస్తే మొదటిదానికి డీడీ88761సీ అనీ, రెండవదానికి 84ఈఈ4776 అనీ వస్తుంది. సందేహానికి తావు ఉండదు.

ముఖపత్రం అన్నాను, దాని సంగతి కొంత విస్తరించి చెప్పాలి, ఎందుకంటే ఈ పుస్తకంలో అన్నింటికన్న నన్ను ఆకర్షించిన అధ్యాయం అది. మన ప్రబంధాలలో ప్రతి ఆశ్వాసం చివర కవి వంశనామాలను ప్రకటించే గద్య ఉన్నట్టే, ప్రతి ఆటకూ ఆరంభంలో హెడర్ అనే భాగం ఉంటుంది. గేమ్ బాయ్ అడ్వాన్స్‌లో దాని పరిమాణం 192 బైట్లు: అందులో సంస్థ చిహ్నపు చిత్రానికి 156, ఆట పేరుకు 12, సంకేతనామానికి 4, ప్రచురణకర్తను తెలిపే గుర్తుకు 2, కూర్పు సంఖ్యకు 1, దోషపరీక్షకు 1 బైటు కేటాయించారు. సంకేతనామంలో చివరి అక్షరం భాషాదేశాలను చెబుతుంది. ఈ అంటే అమెరికా ఆంగ్లం, జే అంటే జపాను, డీ అంటే జర్మను, ఎఫ్ అంటే ఫ్రెంచి, ఇటువలెనే మిగిలినవి. పైన చెప్పిన ఫైర్‌రెడ్ కూర్పులు రెండింటి హెడర్లలో భేదం కూర్పు సంఖ్య దగ్గర పట్టుబడుతుంది. పాత గేమ్ బాయ్‌లో చిహ్నానికి 48 బైట్లు. పరికరం వెలిగించగానే తెరమీదికి దిగివచ్చే ఆ చిహ్నం, పరికరంలో భద్రపరచిన రూపంతో సరిపోలకపోతే యంత్రం అక్కడికక్కడే నిలిచిపోతుంది. హెడర్‌లోని 25 బైట్లను కూడి తీసిన లెక్క తప్పినా అంతే.

అయితే గద్య ఒక్కటే కర్తృత్వానికి ప్రమాణం కాదని మనకు తెలుసు. ఒకరి గద్య మరొకరి కావ్యానికి అతుక్కున్న సందర్భాలు పరిశోధకులకు అపరిచితం కావు. హెడర్ విషయంలోనూ అంతే. గేమ్ బాయ్ హెడర్ చివర గ్రంథమంతటికీ కలిపి కట్టిన మరొక మొత్తపు లెక్క రెండు బైట్లలో ఉన్నప్పటికీ, పరికరం దానిని పరీక్షించనే పరీక్షించదు. కనుక హెడర్ యథాతథంగా ఉండగా లోపలి కథంతా మారిపోయి ఉండవచ్చు. హెడర్‌ను చూసి ఇది ఫలానా ఆట అని ఊహించవచ్చును గాని, ఇది శుద్ధప్రతి అని నిర్ధారించడానికి మొత్తం ఫైలుకు ముద్ర కట్టవలసిందే అని గ్రంథకర్తలు పలుమార్లు హెచ్చరించారు. ఆ పునరుక్తిని తగ్గించమని ఎవరైనా సలహా ఇస్తే వారు వినకూడదని నా అభిప్రాయం.

ఫైలు పేరును బట్టి మూలాన్ని నిర్ణయించరాదన్న అధ్యాయం కూడా అంతే ప్రశస్తం. ఈ వాఙ్మయాన్ని తొలిదశలో నకలు తీసి చలామణి చేసిన బృందాలు ప్రతి ఫైలు ముందు ఒక వరుససంఖ్య, చివర తమ మారుపేరు చేర్చే ఆచారం పెట్టుకున్నాయి. ఆ విధంగా ఫైర్‌రెడ్ 1.0 ప్రతి '1636' అనే అంకెతో, స్క్విరల్స్ అనే బృందం పేరుతోనూ, పోకెమాన్ వరుసలోనిదే అయిన ఎమరాల్డ్ ప్రతి '1986' అనే అంకెతో, ట్రాష్‌మ్యాన్ అనే పేరుతోనూ ప్రసిద్ధికెక్కాయి. ఆ 1986ను ప్రచురణ సంవత్సరంగా భ్రమించే కొత్తవారు ఉండవచ్చు. ఎమరాల్డ్ అమెరికాలో వెలువడినది 2005లో. పేరు ఎవరైనా మార్చవచ్చు, ఒక పేరు తీసి మరొక ఫైలుకు తగిలించవచ్చు. ఎమరాల్డ్ శుద్ధప్రతికి సీఆర్‌సీ 1ఎఫ్1సీ08ఎఫ్‌బీ. ఆ అంకె సరిపోతే పేరు ఏదైనా ఫరవాలేదు, సరిపోకపోతే ఎంత ఘనమైన పేరున్నా ప్రయోజనం లేదు.

ఆ బృందాలలో కొన్ని ఆట ఆరంభానికి ముందు తమ కీర్తిని చాటుకునే చిన్న దృశ్యాన్ని సైతం జోడించేవి. ప్రక్షిప్తాలన్న మాటకు ఇంతకన్న చక్కని ఉదాహరణ దొరకదు. మరికొన్ని ప్రతులలో ఆటను భద్రపరచే విధానాన్నే మార్చారు. కొన్నింటిలో చివరనున్న ఖాళీ భాగాన్ని, అనగా ఒకే విలువతో నింపిన పేజీలను, చోటు ఆదా కోసం కోసివేశారు. ఆట నడుస్తుంది, ముద్ర మాత్రం మారిపోతుంది. కొన్నింటిలో యంత్రం అవసరానికి మించి చదవడం వలన గ్రంథం రెండింతలైంది. ఇటువంటి దోషాలను కౌవరింగ్ అనే మారుపేరుతో ప్రసిద్ధుడైన సంగ్రాహకుడు గుడ్‌టూల్స్ అనే పరికరాల సముదాయంలో సంకేతాలతో వర్గీకరించాడు. శుద్ధప్రతి అని నిర్ధారణ అయినదానికి చదరపు కుండలీకరణంలో ఆశ్చర్యార్థకం పెట్టడం ఆయన పద్ధతి. తరువాత నో-ఇంట్రో అనే సమూహం, ఆ ప్రక్షిప్త దృశ్యాలు లేని, కార్ట్రిడ్జిలో ఉన్నదానితో అక్షరాక్షరం సరిపోయే ప్రతులనే లెక్కలోకి తీసుకొని, వాటి పరిమాణాలనూ ముద్రలనూ పట్టికలుగా కూర్చుతూ వస్తున్నది. గ్రంథాన్ని పంచకుండా గ్రంథలక్షణాన్ని మాత్రమే పంచే ఈ సూచీసంప్రదాయాన్ని మన చేతిపుస్తకం అనుసరించింది. ఇందులో ఆటలు ఎక్కడ దొరుకుతాయన్న ముక్క ఒక్కటి కూడా లేదు. చేతిలో ఉన్నది ఏమిటో తెలుసుకునే మార్గం మాత్రమే ఉన్నది.

ముద్రల తారతమ్యాన్ని గురించి నాలుగు మాటలు. 1961లో వెస్లీ పీటర్సన్ ప్రతిపాదించిన సీఆర్‌సీ పద్ధతి, ఫైలు మొత్తాన్ని ఒక మహాసంఖ్యగా భావించి భాగహారం చేసి, మిగిలిన శేషాన్ని ముద్రగా గ్రహిస్తుంది. 32 బిట్ల శేషానికి దాదాపు 429 కోట్ల రూపాలు సాధ్యం. ఒకే ఒక బిట్టు చెడినా అది తప్పక బయటపెడుతుంది. కాని బుద్ధిపూర్వకంగా మోసగించదలచినవాడు సీఆర్‌సీ సరిపోయేటట్టు మరొక ఫైలును సృష్టించడం కష్టం కాదు. 1991లో రొనాల్డ్ రివెస్ట్ రూపొందించిన ఎండీ5 బలానికి 2004లో భంగం కలిగింది. 1995 నాటి షా-1కు సైతం, ఒకే ముద్ర గల రెండు వేరువేరు ఫైళ్లను 2017 ఫిబ్రవరిలో ఆమ్‌స్టర్‌డాంలోని గణిత పరిశోధనాలయం, గూగుల్ కలిసి ప్రకటించాయి. అయినప్పటికీ, ఒక పాత ఆటకు నిర్ణీతమై ఉన్న షా-1 ముద్రకే సరిపోయే నకిలీని కొత్తగా పుట్టించడం ఇంకా ఎవరికీ సాధ్యపడలేదు. పరిమాణం, సీఆర్‌సీ, షా-1 మూడూ కలిసి సరిపోతే ప్రతిని శుద్ధమని స్వీకరించవచ్చునన్న గ్రంథకర్తల నిర్ణయం యుక్తియుక్తం. విండోస్‌లో సర్ట్‌యుటిల్ అనే ఆదేశం అమర్చే ఉన్నదనీ, జిప్ చేసిన పెట్టెకు లెక్క కడితే పెట్టె ముద్ర వస్తుందే గాని లోపలి గ్రంథపు ముద్ర రాదనీ చెప్పిన చిన్న చిన్న సూచనలు ఎందరి కాలాన్నో ఆదా చేస్తాయి.

ప్యాచ్‌ల స్వభావభేదాన్ని వివరించిన తీరు పరిష్కర్తలందరూ చదవదగినది. ఐపీఎస్ అనే పాత రూపం 'ప్యాచ్' అనే అయిదు ఆంగ్లాక్షరాలతో ఆరంభమై, ఆదేశాలన్నీ చెప్పి ముగుస్తుంది. ఏ మూలానికి వర్తింపజేస్తున్నామని అది అడగదు, అడిగే శక్తి దానికి లేదు. పైగా 24 బిట్ల స్థానసంఖ్యతో 1,67,77,216 బైట్లను దాటి చూడలేదు; ఫైర్‌రెడ్‌కు అది సరిగ్గా సరిపోతుంది గాని, అంతకు రెండింతలు ఉన్న 'మదర్ 3' వంటి ఆటకు చాలదు. 2006లో జపనీయంలో మాత్రమే వెలువడిన ఆ ఆటకు అభిమానులు 2008లో సంపూర్ణ ఆంగ్లానువాదం చేశారు. అటువంటి మహాప్రయత్నాలకు కొత్త రూపాలు అవసరమయ్యాయి. యూపీఎస్, దాని తరువాత బీపీఎస్ అనే రూపాలు మూలప్రతి సీఆర్‌సీని, మార్పు చేసిన ప్రతి సీఆర్‌సీని, తమ సీఆర్‌సీని తమలోనే మోస్తాయి. బీపీఎస్‌లో చివరి 12 బైట్లు ఇవే. తప్పు మూలాన్ని చూపితే ప్యాచ్ తానే నిరాకరిస్తుంది. ఫలానా గ్రంథానికి రాసిన వ్యాఖ్యానం, ఫలానా ప్రతికే అన్వయిస్తుందని తన తొలి పత్రంలోనే ప్రతిజ్ఞ చేసినట్టు ఇది. ఇంత వివేకాన్ని ఒక ఫైలు చివర ఇమిడ్చిన వారిని శాస్త్రకారులుగానే గౌరవించాలి.

శ్రమను గురించి చెప్పకపోతే ఈ పీఠిక అసంపూర్ణం. ఎక్కడో ఉన్న పట్టికను ఎత్తి రాసుకొని పుస్తకం చేయడం సులభం. ఈ ముగ్గురు ఆ దారి తొక్కలేదు. తమ దగ్గర ఉన్న అసలు కార్ట్రిడ్జిల కొసలను శుభ్రపరచి, ఒక్కొక్కటి రెండు పర్యాయాలు చదివించి, రెండు పఠనాలూ ఒకటేనా అని చూసుకొన్నారు. కొసల మీద మకిలి ఉంటే యంత్రం కొన్ని అంకెలను తప్పుగా చదువుతుంది. ఆపై జగిత్యాలలో తీసిన ప్రతి ముద్రను కోరుట్లలో వేరొక కార్ట్రిడ్జి నుంచి తీసినదానితోనూ, ఆ రెంటినీ సిరిసిల్లలో తీసినదానితోనూ పోల్చి, అంతా ఏకీభవించిన తరువాతనే పట్టికలో ఎక్కించారు. వేరువేరు మాతృకల నుంచి వేరువేరు మనుషులు స్వతంత్రంగా తీసిన పాఠాలు ఏకమైతే అది మూలపాఠమని మన పరిష్కరణశాస్త్రం చెబుతుంది.

ఈ పోలికలోనే వారికి నకిలీ కార్ట్రిడ్జిలు పట్టుబడ్డాయి. అసలైన గేమ్ బాయ్ అడ్వాన్స్ కార్ట్రిడ్జి లేబులు మీద ఒత్తి అచ్చువేసిన రెండంకెల గుర్తు ఉంటుంది, అంచున పలకమీద సంస్థ పేరు కనిపిస్తుంది. నకిలీలలో చాలావాటికి ఇవి ఉండవు. పోకెమాన్ వరుసలోని రూబీ, సఫైర్, ఎమరాల్డ్‌లకు గడియారం కోసం లోపల బ్యాటరీ ఉంటుంది, ఫైర్‌రెడ్‌కు ఉండదు. నకిలీలలో ఈ అమరిక తారుమారవుతుంది. నకిలీ తయారుచేసేవారు ఆటను భద్రపరచే భాగాన్ని తమ చౌక చిప్పులకు అనుగుణంగా మార్చివేయడం పరిపాటి గనుక, అందులోంచి తీసిన ప్రతి ఎంత జాగ్రత్తగా చదివినా శుద్ధప్రతితో సరిపోలదు. డబ్బు పెట్టి కొన్న వస్తువు కాబట్టి అందులోని పాఠం నిజమైనదే అయి ఉంటుందని నమ్మినవాడు, దోషం తన యంత్రంలో ఉన్నదని భ్రమించి కాలం వృథా చేసుకుంటాడు. ఈ అధ్యాయం అటువంటివారికి కనువిప్పు.

పునర్నిర్మాణ ప్రకరణాన్ని చదువరులు తొందరపడకుండా చదవాలని కోరుతున్నాను. ప్రెట్ అనే అభిమానుల బృందం, ఆట నడిచే యంత్రభాషను వెనుకకు విప్పి, మనుషులు చదవగల రూపంలో మళ్లీ రచించి, దానిని తిరిగి యంత్రభాషలోకి మార్చినప్పుడు అసలు కార్ట్రిడ్జిలోని 1,67,77,216 బైట్లూ ఒక్క బైటు తేడా లేకుండా వచ్చేటట్టు సాధించింది. 41సీబీ అని ఆరంభమయ్యే ఫైర్‌రెడ్ 1.0 షా-1 ముద్రతో సరిపోవడమే ఆ విజయానికి వారు పెట్టుకున్న కొలబద్ద. నశించిన మాతృకను మిగిలిన ప్రతుల నుంచి ఊహించి పునర్నిర్మించడం మా విద్యలో పరమావధి. అది సరిగ్గా వచ్చిందో లేదో చెప్పే కొలబద్ద మాకు ఏనాడూ చిక్కలేదు. 1909లో నన్నెచోడుని కుమారసంభవాన్ని వెలికితెచ్చిన మానవల్లి రామకృష్ణకవిగారి కాలం నుంచి, ఆ కవి నన్నయకు పూర్వుడా పరుడా అన్న వాదం దశాబ్దాలు సాగింది. ఈ కొత్త విద్యలో ఒక నలభై అంకెల ముద్ర వాదాన్ని ముగించగలుగుతున్నది. మా తరం పరిష్కర్తలు ఇది చూసి ఉంటే ఎంత సంతోషించేవారో!

ధర్మసూక్ష్మం ఒకటి ఉన్నది. మన దేశపు 1957 కాపీరైటు చట్టం 52వ సెక్షన్‌లో, కంప్యూటర్ ప్రోగ్రాము ప్రతిని న్యాయంగా కలిగి ఉన్నవారు, అది పోవడం, చెడడం జరిగితే రక్షణగా, దానిని ఉద్దేశించిన పనికి వాడుకోవడానికే నకలు తీసి ఉంచుకోవచ్చునన్న మినహాయింపు ఉన్నది. ఆ నకలును ఇతరులకు పంచే అనుమతి అందులో లేదు. గ్రంథకర్తలు ఈ సంగతిని దాచకుండా, మెత్తబరచకుండా చెప్పారు. మూలకర్త హక్కును గౌరవించడమూ మూలశుద్ధిలో భాగమేనని వారు భావించినట్టున్నది. నేనూ అదే భావిస్తాను.

రెండవ కూర్పులో కొన్ని విషయాలు విస్తరించవలసి ఉన్నది. డీఎస్ ఆటల ప్రకరణం కురచగా ఉన్నది. ఆ కార్ట్రిడ్జిలలో రహస్యలిపిలో ఉండే ఒక భాగాన్ని అలాగే ఉంచి నకలు తీస్తే ఒక ముద్ర, విప్పి తీస్తే మరొక ముద్ర వస్తుంది; రెండూ శుద్ధపాఠాలే అయినా కొత్తవారు ఒకదానిని దోషంగా ఎంచుతారు. దీనికి రెండు పేజీలు చాలవు.

అంతకన్న నా మనసుకు దగ్గరి కోరిక మరొకటి ఉన్నది. ఈ విద్య ఫలించి ఒక ఆట తెలుగులో మాట్లాడాలని నా ఆశ. దానికి అడ్డంకి చిన్నది కాదు. ఫైర్‌రెడ్‌లో అక్షరాలకు దాని సొంత పట్టిక ఉన్నది. ఆంగ్లపు పెద్ద ఏ అక్షరానికి అందులో 187 అనే సంఖ్య. 1991 నుంచి యూనికోడ్‌లో మన లిపికి స్థానం ఉన్నా, ఆ ఏర్పాటు ఈ పాత యంత్రానికి తెలియదు. 240 చుక్కల వెడల్పు, 160 చుక్కల ఎత్తు ఉన్న తెరను ఎనిమిదేసి చుక్కల గళ్లుగా విభజించుకొని బొమ్మలు గీసే ఆ యంత్రంలో, పైన గుడి, కింద వత్తు, పక్కన కొమ్ము అన్నీ కలిగిన మన అక్షరం ఎక్కడ ఒదుగుతుంది? 'స్త్రీ' అన్న ఒక్క అక్షరాన్ని చదవగలిగేటట్టు గీయడానికి ఎన్ని గళ్లు కావాలో లెక్కించి, అక్షరరూపాల పట్టిక ఒకటి తయారుచేసి, దానిని ఏ కూర్పు మీద, ఏ ముద్ర గల మూలం మీద నిలిపారో తెలిపే ప్రకరణాన్ని వీరే రాయాలి. వీరికన్న తగినవారు నా ఎరుకలో లేరు.

ముద్రాపకులకు ఒక విన్నపం. ఈ పుస్తకంలోని పట్టికలలో ఒక్క అంకె తారుమారైనా, శుద్ధప్రతి చేతిలో ఉన్నవాడు దానిని అశుద్ధమని పారవేస్తాడు. అందువలన నలభై అంకెల షా-1 ముద్రలను నాలుగేసి అంకెల గుంపులుగా విడదీసి, ఎనిమిదికీ ఆంగ్లపు బీ అక్షరానికీ, సున్నకూ డీ అక్షరానికీ భేదం స్పష్టంగా తెలిసే అచ్చుతో, పెద్ద పరిమాణంలో వేయాలి. ఆ పేజీల ప్రూఫులను ఒకరు కంటితో చూసి దిద్దితే చాలదు. ఒకరు పైకి చదువుతుండగా మరొకరు గ్రంథకర్తల చేతిప్రతితో పోల్చుకోవాలి, ఆపై ఇద్దరూ స్థానాలు మార్చుకొని చివరినుంచి మొదటికి మళ్లీ చదవాలి. చదివేవారిలో ఒకరిగా కూర్చోవడానికి నేను సిద్ధంగా ఉన్నాను.